నాలుగో నంబరు గాలి

మా కారులో బ్లోయరుకి నాలుగు నంబర్లున్నాయి. ఒకటి తిప్పితే నిశ్శబ్దం. రెండు తిప్పితే మౌనం. మూడు తిప్పితే సంతాపసభ. నాలుగు తిప్పితే మాత్రం డాష్‌బోర్డు వెనకాల ఎవరో రైసుమిల్లు ఆన్ చేసినట్టు ఒకటే మోత. మే నెల రాయపూర్‌లో, ఏసీ లేని పాత చిన్నకారులో, ఆఫీసు చీర కట్టుకుని నయా రాయపూర్ దాకా పోవాల్సిన మనిషికి మిగిలిన దారులు రెండే: ఉడకడమో, ఊదించుకోవడమో.

నా పేరు ఫణిశ్రీ. పేరులో ఫణి ఉంది కాబట్టి బుసకొట్టే హక్కు పుట్టుకతోనే వచ్చింది. శ్రీ కూడా ఉంది కాబట్టి ఇన్నాళ్ళూ ఆ బుస శ్రీమతిగా, సర్దుకుని కొట్టాను. ఈ వేసవిలో సర్దుకోలేదు.

నాది పెద్ద గొంతు. రైల్వే క్వార్టర్సులో పట్టాల పక్కన పెరిగినదాన్ని. అమ్మని అన్నం పెట్టమనాలన్నా గూడ్సు బండికి పైచేయిగా అరవాలి. అలా తయారైన గొంతుని పట్టుకుని అత్తారింట్లో అడుగుపెడితే, మా ఆయన దుర్గారావు నాకు 'మెల్లగా' అని కొత్త పేరు పెట్టాడు. "మెల్లగా ఫణీ, పక్కింటికి వినపడతాది." "మెల్లగా, అమ్మ పడుకుంది." పెళ్ళిలో మంగళసూత్రం మెడకి కట్టారు, ఆ తరవాత గొంతుకి కట్టడం మొదలెట్టారు.

అందుకని నలభై దాటాక డ్రైవింగు నేర్చుకుని, నా జీతంతో, నా పేరు మీద, ఈ సెకండ్ హ్యాండ్ కారు కొన్నాను. నయా రాయపూర్ రోడ్లు విమానం దిగేంత వెడల్పు. దిగినా చూసేవాడు లేనంత ఖాళీ. ఆ రోడ్డెక్కగానే అద్దాలు పైకెత్తి, బ్లోయరు రెండో నంబరులో పెట్టి, పొద్దున మా ఆయన్నీ సాయంత్రం మా ఆఫీసరునీ నోరారా తిట్టుకుంటాను. ఇంటికొచ్చేసరికి మనసు కడిగిన గిన్నెలా ఉంటుంది. ఇంట్లో ఉన్నవాళ్ళంతా నావాళ్ళే. వినేవాళ్ళు మాత్రం కారు. వినేది కారు.

ఇప్పుడు ఆ రెండో నంబరు పోయింది. అద్దాలు దించితే నా తిట్లు సిగ్నల్ దగ్గర ఆటోవాళ్ళు వింటారు. అద్దాలెత్తి నాలుగో నంబరు పెడితే నా తిట్టు నాకే వినపడదు. వినపడని తిట్టు ఒక తిట్టా?

ఈ జబ్బుకి కారణం థర్మల్ ఫ్యూజు. బ్లోయరు వేగం తగ్గించడానికి గాలిగొట్టంలో ఒక రెసిస్టరు ప్లేటు ఉంటుంది. ఒకటి, రెండు, మూడు నంబర్లకి కరెంటు దాని మీదుగా పోతుంది. నాలుగుకి దానితో పనిలేదు, తిన్నగా మోటారుకే. కరెంటు పోతుంటే ప్లేటు కాగుతుంది, బ్లోయరు గాలే దాన్ని చల్లారుస్తుంది. చల్లారక కాగిపోతే, ప్లేటు మీదున్న చిక్కుడుగింజంత వెండిరంగు ఫ్యూజు తెగిపోతుంది. వేడెక్కినప్పుడు తాను తెగిపోయి మిగతావాళ్ళని కాపాడడం దాని థర్మం. మా ఇంట్లో ఆ ఉద్యోగం నాది.

మొదటిసారి హోలీ తరవాత పోయింది. మెకానిక్కు రవి ప్లేటు మొత్తం మార్చాడు. కొన్నాళ్ళకే మళ్ళీ పోయింది. రవి తెలుగువాడే కానీ చేతకానప్పుడు హిందీలోకి దిగుతాడు. "మేడమ్, పురానీ గాడీ హై, ఛోడ్ దో" అన్నాడు. ఛోడ్ దో అట, వదిలెయ్యాలట. నేను ఛోడిస్తే నా ప్రాణం తోడెయ్యడానికి ఇంట్లో ఒకాయన సిద్ధంగా ఉన్నాడు.

మా ఆయన రైల్వే వాళ్ళ వ్యాగన్ల రిపేరు షాపులో టెక్నీషియను. అక్కడ పనికిరాని వ్యాగను మీద కండెమ్ అని రాస్తారు. ఆ మాటని ఈయన టిఫిన్ డబ్బాలో పెట్టుకుని ఇంటికి తెచ్చాడు. రెండుసార్లు రిపేరుకొచ్చింది ఏదైనా సరే, మూడోసారి కండెమ్. ఇది రైల్వే వాళ్ళ రూలు కాదు, దుర్గారావుగారి సొంత చట్టం. ఈ చట్టం కింద మా ఇంట్లో మిక్సీ పోయింది, కుట్టుమిషను పోయింది, మా పుట్టింటివాళ్ళిచ్చిన టేబుల్ ఫ్యాను పోయింది. ఆయన కండెమ్ అన్నది ఖండమైపోవాల్సిందే.

అయినా చట్టం అమలు చేసేముందు ఒక అవకాశం ఇచ్చాడు, తనకి. జైస్తంభ్ చౌక్ దగ్గర ఎలక్ట్రానిక్స్ దుకాణంలో కొత్త ఫ్యూజులు రెండు కొనుక్కొచ్చి, వరండాలో ముక్కాలిపీట వేసుకుని టంకం కడ్డీ వేడిచేశాడు. మా అత్తగారు పైడమ్మ పక్కనే కూలరు ముందు కూర్చుని వెల్లుల్లి ఒలుస్తోంది.

"అంతసేపు ఆనించకండి. అది వేడికి తెగే వస్తువు. పట్టకారుతో కాడ పట్టుకుంటే వేడి పట్టకారులోకే పోతుంది" అన్నాను. ఈ సంగతి ఫోనులో వీడియో చూసి తెలుసుకున్నాను.

"నేను వ్యాగన్లకి వెల్డింగు చేసినోడ్ని. ఈ గింజకి నువ్వు నాకు నేర్పుతావేటి?"

"వ్యాగను వేడెక్కితే తెగదండీ. ఇది తెగుతుంది."

"మెల్లగా."

కడ్డీ ఆనించి, ఊది, మళ్ళీ ఆనించి, మళ్ళీ ఊది, ఫ్యూజు కనపడనంత టంకం పోశాడు. వడియంలా అయింది. కారుకి బిగించి ఒకటో నంబరు తిప్పాడు. నిశ్శబ్దం. రెండు, మూడు, అంతే.

"చూసినావా. కొత్త ఫ్యూజు పెట్టగానే పోనాది. వైరింగే ఖరాబు."

"వైరింగు కాదండీ, మీ వైఖరి. ఆ కడ్డీతో మీరే కాల్చారు."

"నువ్వు రోజూ ఆ బ్లోయర్ని అస్తమానం తిప్పుతావు. ఆడోళ్ళ చేతికి మిషను ఇస్తే ఇంతే. రేపు నడిరోడ్డు మీద బండి అంటుకుంటే ఎవరు దిక్కు? బస్, ఖతమ్. కండెమ్." అప్పుడు చెప్పాడు అసలు ముక్క: మందిర్ హసౌద్‌లో రైసుమిల్లు ఫోర్‌మన్ అచ్చయ్య అనే అతనికి అప్పటికే ఫోను చేసేశాడట. ఆదివారం బండి చూడడానికి వస్తున్నాడట. నేను ఆఫీసు బస్సులో పోవచ్చట. బస్సులో అయితే నాతో మాట్లాడడానికి నలుగురుంటారట.

నాతో మాట్లాడడానికి నలుగురు ఎందుకు? నలుగురు మోసేది వేరే ప్రయాణంలో కదా.

ఒళ్ళు మండిపోయింది. బయట ఎండకి కాదు. "ఆదివారం లోపల నేను బాగుచేసి చూపిస్తాను. మళ్ళీ ఫ్యూజు పోతే అమ్మకం కాగితాల మీద సంతకం నేనే పెడతాను. పోకపోతే బండి జోలికి రాకండి" అన్నాను.

"సరే" అన్నాడు. అత్తగారు తల ఎత్తకుండా వెల్లుల్లి ఒలుస్తూనే ఉంది.

శనివారం ఆఫీసు సెలవు. మా ఆయనకి డ్యూటీ. చీర కొంగు బిగించి ముందు సీటు వెనక్కి తోసి, డాష్‌బోర్డు కింద తల పెట్టి వెల్లకిలా పడుకున్నాను. యోగా టీచరు చెబితే చెయ్యనిది, కోపం చెబితే చేశాను. గ్లోవుబాక్సు విప్పి, రెండు స్క్రూలు తీసి, ప్లేటు బయటికి లాగాను. మల్టీమీటరుతో ప్లేటు మీది తీగచుట్టల్ని తాకిస్తే, కరెంటుకి దారి ఉన్నట్టు 'కూ' అంది. ఫ్యూజు రెండు కొసలూ తాకిస్తే కూ లేదు, కా లేదు. ఫ్యూజు ఒక్కటే చచ్చింది, మిగతా సంసారం క్షేమం.

మా ఆయన పోసిన వడియం కత్తిరించి పారేశాను. రెండో ఫ్యూజు మిగిలే ఉంది. టంకం జోలికి పోలేదు. కాడలకి సన్నటి ఇత్తడి గొట్టాలు తొడిగి పట్టకారుతో గట్టిగా నొక్కాను. పట్టకారు మధ్యలో ఎవరిని ఊహించుకున్నానో చెప్పను. మీటరు 'కూ' అంది.

కానీ బిగించలేదు. ఇంతవరకూ రవి చేసిందీ ఇదే. ఎందుకు తెగుతోందో తెలియకుండా మార్చితే రేపు మళ్ళీ తెగుతుంది, ఎల్లుండి నేను సంతకం పెడతాను. అసలు ప్లేటు ఎందుకు చల్లారడం లేదు?

నాలుగో నంబరు తిప్పి గాలి వచ్చే జాలీ ముందు చెయ్యి పెట్టాను. మోత మోతుబరిది, గాలి బికారిది. అంత చప్పుడుకి చీర కొంగైనా ఎగరాలి. నా ముంగురు కూడా కదల్లేదు. మోటారు తిరుగుతోంది, దానికి పీల్చుకోవడానికి గాలి లేదు. పీల్చనిది ఊదలేదు. ఊదకపోతే ప్లేటు చల్లారదు.

ఇంకొకటి కూడా తట్టింది. ఆ వచ్చే కాస్త గాలిలో ఒక వాసన. రోజూ పొద్దున్నే వచ్చేదే, ఇంట్లో కూలరు వాసన చీరకి పట్టిందనుకున్నాను. ఇవాళ ఇంకా కూలరు ముందుకి పోనేలేదు.

బానెట్టు ఎత్తాను. ముందు అద్దం కింద, వైపర్ల దగ్గర, లోపలికి గాలి పోయే కంత ఉంటుంది. అందులో చెయ్యి పెడితే తడిగా, మెత్తగా ఏదో తగిలింది. ఎలుక అనుకుని కెవ్వుమన్నాను. పక్కింటికి వినపడే ఉంటుంది, వినపడనీ. లాగితే వచ్చింది గుప్పెడు వట్టివేరు. ఇక్కడ ఖస్ అంటారు, కూలరు పక్కల్లో పెట్టి నీళ్ళతో తడుపుతారు. ఇంకా లాగితే ఇంకా వచ్చింది. చక్కగా చుట్ట చుట్టి, పచ్చ చీర అంచుతో కట్టి, కంతకి సరిపోయేలా కుక్కి ఉంది. ఆ పచ్చ చీర నేనే కొనిచ్చాను, మా అత్తగారికి.

ఖస్ చూసి కస్సుమన్నాను. ఆ చుట్ట తీసుకుని వరండాలోకి వెళ్ళాను.

"అత్తా."

"ఏటే."

"ఇదేంటి?"

"ఖస్."

"కారులో ఎందుకుంది?"

"నానే పెట్టినాను." అది కూడా చాలా మామూలుగా చెప్పింది, కూరలో ఉప్పు వేశాను అన్నట్టు. "మీ ఆయన పొద్దున్నే రేడియేటరులో నీల్లు సూడ్డానికి ఆ మూత ఎత్తేసి టీకి పోతాడు గదా, అప్పుడు. రోజూ ఓ చెంబుడు నీల్లు పోత్తన్నాను. కూలరుకి గడ్డి తడిపితే సల్లగాలి రాదేటి? కారుకీ వత్తాదనుకున్నాను. సాయంత్రం నీ మొకం సూడనేకపోతన్నాను. పెనం మీద మర్సిపోయిన అట్టులాగుంటాది."

నా గొంతులో ఉన్న తిట్టు అక్కడే ఆగిపోయింది. ఆగిపోయినందుకు ఇంకా కోపం వచ్చింది. కోపంగా ఉన్నప్పుడు ఎదుటివాళ్ళు ప్రేమగా సమాధానం చెప్పడం కన్నా అన్యాయం ఇంకొకటి లేదు.

"హోలీ నించి ఇంట్లో ఈ ఫ్యూజు గొడవే కదా. నా చేతి దురుసు వల్లే పోతోందని మీ అబ్బాయి అంటుంటే వెల్లుల్లి ఒలుచుకుంటూ విన్నావు కదా. ఒక్క ముక్క చెప్పొచ్చు కదా."

"ఫ్యూజు కరెంటుది. ఇది గాలిది. దానికీ దీనికీ ఏటే సమ్మందం?" అని కూలరు వైపు తిరిగింది. వెల్లుల్లి రెబ్బ ఒకటి చేతిలో పట్టుకుని, ఒలవకుండా అలాగే చూస్తూ కూర్చుంది.

కంత శుభ్రంగా తుడిచి, ప్లేటు బిగించి, ఒకటో నంబరు తిప్పాను. సన్నగా, చప్పుడు లేకుండా గాలి. రెండు. మూడు. ఆ సాయంత్రం తేలీబాంధా దాకా రెండో నంబరులోనే వెళ్ళి, ట్రాఫిక్కులో అరగంట ఇరుక్కుని తిరిగొచ్చాను. ఫ్యూజు ఫ్యూజులాగే ఉంది. మా ఆయనకి మొత్తం చెప్పాను, వట్టివేరుతో సహా. విని నవ్వాడు. "అమ్మా, నువ్వా" అని కూడా అన్నాడు. గెలిచాననుకుని పడుకున్నాను.

ఆదివారం మధ్యాహ్నం బస్సు దిగి, తలకి తువ్వాలు చుట్టుకుని అచ్చయ్య వచ్చాడు. కరీంనగర్ వైపు మనిషి. రావద్దని మా ఆయన ఫోను చెయ్యనే లేదు. పైగా ఎదురెళ్ళి, సీట్లో కూర్చోబెట్టి, బ్లోయరు తిప్పి చూపిస్తున్నాడు.

"మంచిగొస్తున్నది గాలి. మొన్న ఫోన్ల బ్లోయరు ఖరాబన్నరు?" అన్నాడు అచ్చయ్య.

"నిన్ననే బాగుచేసినాం. ఇప్పుడు ఫస్ట్ క్లాస్."

చేసినాం అట. చెడగొట్టినవాళ్ళు ఇద్దరు, బాగుచేసింది ఒకతె, చెప్పుకోవడానికి మాత్రం సంఘం.

"ఏమండీ, మన మాట ఏమైంది?" అన్నాను.

"ఏ మాట?"

"ఫ్యూజు పోకపోతే బండి జోలికి రానన్నారు."

"పోలేదు కాబట్టే గదా అమ్మడం. మంచి బండి కొనుక్కున్నాడని అతనూ ఖుష్, మనమూ ఖుష్. రెండుసార్లు రిపేరుకొచ్చినాది ఫణీ, మూడోది నువ్వు చేసినావు. మళ్ళీ రాదని గ్యారంటీ ఏటి? రూలు రూలే. మెల్లగా మాట్లాడు, బయటి మనిషి ఉన్నాడు."

నాలో ఉన్న ఫ్యూజు అప్పుడు తెగింది. చిక్కుడుగింజంత చప్పుడు కూడా చెయ్యకుండా.

"మీ ఎడం మోకాలికి రెండుసార్లు ఆపరేషనైంది" అన్నాను. వీధి చివర దుకాణం దాకా వినపడేలా అన్నాను. "మొన్న మళ్ళీ నొప్పి అన్నారు. అది మూడోది. రూలు ప్రకారం మిమ్మల్ని ఏ తుక్కువాడికి ఇవ్వమంటారు? అచ్చయ్యగారూ, ఈయన్ని కూడా చూస్తారా? బాడీ బాగానే ఉంది, ముందు చక్రం ఒక్కటే ఊగుతుంది."

అచ్చయ్య సీట్లోంచి దిగి తువ్వాలు సర్దుకున్నాడు. ఈలోగా వరండాలోంచి అత్తగారి గొంతు వచ్చింది.

"దుర్గా. నానూ రెండుపాలి ఆస్పత్రికెల్లొచ్చినాను గదరా."

ఆవిడ గట్టిగా అనలేదు. కానీ మా ఆయన అటు తిరిగిన తిరుగుడులో మోకాలు పట్టేసింది, గోడ పట్టుకున్నాడు.

"బండి ఎవరి పేరు మీదున్నదమ్మా?" అచ్చయ్య అడిగాడు.

"నా పేరు మీద."

"గట్లయితే గీయన నాతోని ఎట్ల మాట్లాడిండు?"

"అదే అడగండి."

అడగలేదు. మంచి మనిషి. ఎండలోకి చూసి బస్సు ఎప్పుడుందో అని గొణుక్కున్నాడు. నేను మా ఆయన చేతిలోంచి తాళం లాక్కుని డ్రైవరు సీట్లో కూర్చున్నాను. "ఎక్కండి, మీ ఊళ్ళో దింపుతాను. నేనూ అటే." ఆదివారం నాకు అటు ఏ పనీ లేదు, ఇటు ఉండలేని పని ఒకటుంది. వెనక తలుపు తీసి అచ్చయ్య కూర్చున్నాడు. ముందు తలుపు కూడా తెరుచుకుంది. అత్తగారు, చెప్పులేసుకుని, కొంగు తల మీద కప్పుకుని.

"నువ్వెక్కడికి అత్తా?"

"ఆడితో ఇంట్లో నానుండను. పోనీ."

"ఫణీ, మెల్లగా..." అంటున్నాడు మా ఆయన. బండిని అన్నాడో గొంతుని అన్నాడో తెలీదు. రెండూ వినలేదు.

అద్దాలెత్తాను. రెండో నంబరు పెట్టాను. ఊరు దాటాక అత్తగారే మొదలెట్టింది, ముందుకే చూస్తూ.

"డౌటొచ్చినాదే నాకు. రెండోపాలి పోనాదన్నప్పుడే వచ్చినాది."

"మరి?"

"సెప్తే ఆడు నన్ను తిడతాడని ఊరుకున్నాను."

"నన్ను తిడుతున్నాడు కదా."

"నీకైతే అలవాటు గదా అని."

అంతే. ఇరవై ఏళ్ళ పైబడి దాచుకున్నదంతా రోడ్డు మీద పరిచాను. అలవాటా, ఎవరు చేశారు అలవాటు, మిక్సీ పోయిననాడు ఎక్కడున్నావు, కుట్టుమిషను పోయిననాడు ఏం ఒలుస్తున్నావు, ప్రేమ ఉంటే నోరుండాలి కదా, కంతలో కుక్కే ప్రేమ ఎవడిక్కావాలి, నా మొహం అట్టులా మాడితే కనపడింది, నా పేరు మాడిపోతుంటే కనపడలేదా. ఆవిడని నేను ఇంత గొంతుతో ఎన్నడూ అనలేదు. ఎవరూ అనలేదు. వెనకాల అచ్చయ్య తువ్వాలు ఒళ్ళో పెట్టుకుని, బస్సులో సీటు దొరికిన మనిషిలా కిటికీలోంచి పొలాలు చూస్తున్నాడు.

మందిర్ హసౌద్ వచ్చింది. దింపాను. తలుపు వేస్తూ వంగి, "బండి మస్తుగున్నదమ్మా. గిది నీ కాడనే ఉండాలె" అని, ఇంకేదో అనబోయి, మా అత్తగారి మొహం చూసి మానుకుని వెళ్ళిపోయాడు.

నేను ఇంజను ఆపలేదు. గొంతు బొంగురుపోయింది. అత్తగారు కొంగుతో కళ్ళు తుడుచుకుంది, ముక్కు తుడుచుకుంది. గాలి వచ్చే జాలీని తన వైపుకి తిప్పుకుంది.

"అయిపోనాదా?" అంది.

"లేదు. ఇంకా ఉంది."

"అయితే ఎల్లు. రోడ్డు ఇంకా సేనా ఉన్నాది."